అగ్రిమెంటు తప్పితే అది మోసమేనా?

జుమా నమాజు తర్వాత మస్జిదులో మమ్మల్ని అడిగే ప్రశ్నల్లో తలాక్, వారసత్వం, జకాత్ తర్వాత ఎక్కువగా వచ్చేవి స్థలాల తగాదాలు. తిరుపతి, రేణిగుంట, చంద్రగిరి ప్రాంతాల్లో అంకణం ధర పెరిగిన కొద్దీ ఈ తగాదాలూ పెరిగాయి. చిత్తూరు, పలమనేరు వైపూ ఇదే పరిస్థితి. అడిగేవారు రెండు వైపులా ఉంటారు. ఒక సోదరుడు వచ్చి, "హజరత్, స్థలానికి అడ్వాన్సు ఇచ్చి ఏడాదైంది. మూడు నెలల్లో రిజిస్ట్రేషన్ చేయిస్తానన్నవాడు ఫోను కూడా ఎత్తడం లేదు. 420 కేసు పెట్టవచ్చా? షరీఅత్ ప్రకారం వాడు మోసగాడే కదా?" అంటాడు. మరొకాయన వచ్చి, "అమ్మాలనే అగ్రిమెంటు రాసిచ్చాను. అన్నదమ్ములు సంతకం పెట్టనంటున్నారు. తీసుకున్న డబ్బు కూతురి పెళ్లికి ఖర్చయిపోయింది. ఇప్పుడు నన్ను స్టేషనుకు రమ్మంటున్నారు. నేను దొంగనా?" అని కన్నీళ్లు పెట్టుకుంటాడు.

ఈ ఇద్దరికీ ఒకే మాటతో జవాబు చెప్పలేము. మాట తప్పడం వేరు, మోసం చేయడం వేరు. మన ధర్మశాస్త్రమూ ఈ తేడాను గుర్తించింది, ఈ దేశపు చట్టమూ గుర్తించింది. తేడా ఎక్కడుందో తెలియక ఒకరు తమ హక్కు పోగొట్టుకుంటున్నారు, మరొకరు నిర్దోషిని జైలుకు పంపి పాపం మూటగట్టుకుంటున్నారు.

ముందుగా అగ్రిమెంటు అంటే ఏమిటో చూద్దాం. ఉర్దూ ఫత్వాలలో మనుషుల పేర్లకు బదులు జైద్, బకర్ అని రాయడం ఆనవాయితీ. మనమూ అలాగే రాద్దాం. జైద్ తన ఐదు సెంట్ల స్థలాన్ని బకర్‌కు అమ్ముతానని స్టాంపు కాగితం మీద రాసి, బయానా తీసుకున్నాడు. మిగతా సొమ్ము మూడు నెలల్లో ఇస్తే రిజిస్టరు చేస్తానన్నాడు. స్థలం ఇంకా ఎవరిది? జైద్‌దే. 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం 54వ సెక్షన్ కూడా ఇదే చెబుతుంది: అమ్మకపు ఒప్పందం దానంతట అదే ఆస్తిపై హక్కును కల్పించదు. అగ్రిమెంటులోని మాటలు ఇక ముందు చేయబోయే అమ్మకం గురించి అయితే, ఫిఖ్హ్ పరిభాషలో అది 'బై' కాదు, 'వాదా'. అంటే అమ్మకం కాదు, అమ్ముతానన్న వాగ్దానం. అయితే వాగ్దానమే కదా అని తేలిగ్గా తీసుకోవడానికి వీల్లేదు. సూరహ్ మాయిదహ్ మొదటి ఆయతులోనే విశ్వాసులు తమ ఒప్పందాలను నెరవేర్చాలని అల్లాహ్ ఆజ్ఞాపించాడు. వాగ్దానం చేసి తప్పడాన్ని దైవప్రవక్త (స) కపటుల చిహ్నాలలో ఒకటిగా పేర్కొన్నారు.

కాని ఇక్కడ ఆగకూడదు. అబూ దావూద్, తిర్మిజీ సంకలనాలలో హజ్రత్ జైద్ బిన్ అర్ఖమ్ (రజి) ఉల్లేఖనం ఒకటి ఉంది. నెరవేర్చాలనే సంకల్పంతోనే సోదరునికి మాట ఇచ్చి, తర్వాత నెరవేర్చలేకపోయిన వానిపై పాపం లేదన్నది దాని భావం. ఈ ఉల్లేఖన పరంపర అంత బలమైనది కాదని స్వయంగా ఇమామ్ తిర్మిజీ అన్నారు. అయినా ఉలమాలు దీని భావాన్ని స్వీకరించారు. ఎందుకంటే కర్మలు సంకల్పాలపై ఆధారపడి ఉంటాయన్న సుప్రసిద్ధ హదీసు దీనికి అండగా ఉంది. కాబట్టి మొదటి ప్రశ్న, జైద్ మాట తప్పాడా లేదా అన్నది కాదు. బయానా చేతికి తీసుకున్న రోజున అతని సంకల్పం ఏమిటన్నది.

ఆశ్చర్యకరమైన విషయం ఏమిటంటే, ఆంగ్లేయుల హయాంలో 1860లో రాసిన భారత శిక్షాస్మృతి కూడా మోసాన్ని ఇదే గీటుతో కొలిచింది. 415వ సెక్షన్ కింద ఇచ్చిన ఉదాహరణలలో ఒకటి నీలిమందు మొక్కల బేరం. సరుకు ఇచ్చే ఉద్దేశమే లేకుండా, ఇస్తానని నమ్మించి ముందుగా డబ్బు తీసుకున్నవాడు మోసగాడు. డబ్బు తీసుకున్నప్పుడు ఇవ్వాలనే ఉద్దేశం ఉండి, తర్వాత ఒప్పందం తప్పినవాడు మోసగాడు కాడు; అతనిపై సివిల్ దావా మాత్రమే నడుస్తుంది. మరో ఉదాహరణ సూటిగా భూమి గురించే. ఒకరికి అమ్మి రాసిచ్చిన భూమిని, ఆ సంగతి దాచి రెండో మనిషికి అమ్మి లేదా తాకట్టు పెట్టి డబ్బు తీసుకున్నవాడు మోసం చేసినట్లే. 2024 జూలై 1 నుండి శిక్షాస్మృతి స్థానంలో భారతీయ న్యాయ సంహిత అమలులోకి వచ్చింది. జనం నోట ఇంకా 420 అనే వినిపిస్తున్నా, ఆ తేదీ తర్వాత జరిగిన నేరాలకు 318వ సెక్షన్ వర్తిస్తుంది. మోసగించి ఆస్తి లాక్కుంటే ఏడేళ్ల వరకు జైలుశిక్ష ఉంది. నంబరు మారినా గీటు మారలేదు.

సంకల్పం హృదయంలో ఉంటుంది, దాన్ని ఎస్సై గారు ఎలా చూస్తారు, జడ్జి గారు ఎలా చూస్తారు అని అడగవచ్చు. ఈ ప్రశ్నకు హజ్రత్ ఉమర్ (రజి) మాటలో జవాబు ఉంది. బుఖారీలో నమోదైన దాని భావం ఇది: దైవప్రవక్త (స) కాలంలో వహీ ద్వారా మనుషుల లోపలి సంగతులు బయటపడేవి. ఇప్పుడు వహీ ఆగిపోయింది, కనుక మాకు పైకి కనిపించే పనులను బట్టే తీర్పు చెబుతాము. లోపలి లెక్క అల్లాహ్ చూసుకుంటాడు. కోర్టులూ చేసేది ఇదే. బయానా తీసుకున్న నాటి పరిస్థితులను చూసి సంకల్పాన్ని అంచనా వేస్తాయి. ఆ తర్వాత మాట తప్పాడు అన్న ఒక్క సంగతితో, మొదటి నుండీ మోసమేనని తేల్చడానికి వీల్లేదు.

అసలు స్థలం జైద్‌దే కాకపోతే? తనదని చెప్పి బయానా తీసుకుంటే సంకల్పం దానంతట అదే బయటపడినట్లు. ఇప్పటికే ఒకరితో అగ్రిమెంటు చేసుకుని, అది దాచి మరో ఇద్దరి దగ్గర అడ్వాన్సులు తీసుకున్నా అంతే. బ్యాంకులో తాకట్టు ఉన్న సంగతి దాచి, ఈసీలో పేజీ తీసేసి చూపినా అంతే. చనిపోయిన మనిషి ఇచ్చిన జనరల్ పవర్ పట్టుకుని, ఆయన బతికే ఉన్నట్లు సంతకాలు చేసేవాళ్లూ ఉన్నారు. పవర్ ఇచ్చిన మనిషి చనిపోతే మామూలుగా ఆ పవరూ పోతుంది. ఈ పనులు చేసినవాడు తర్వాత ఎన్ని కష్టాలు చెప్పుకున్నా, 'నా సంకల్పం మంచిదే' అంటే నమ్మేవారు ఉండరు. ధాన్యపు రాశి పైన పొడిగా ఉండి లోపల తడిసి ఉండటం చూసి దైవప్రవక్త (స) ఆ వ్యాపారిని మందలించిన సంఘటన ముస్లిం హదీసు గ్రంథంలో ఉంది. సరుకులోని లోపం చెప్పకుండా సోదరునికి అమ్మడం ధర్మసమ్మతం కాదని ఇబ్ను మాజహ్ ఉల్లేఖనం. ధాన్యంలో తడి ఎలాంటిదో స్థలంలో దాచిన తాకట్టు అలాంటిదే.

మన జిల్లాలలో దీనికి మరో ముఖం ఉంది, అదే డీకేటీ పట్టా. పేదలకు ప్రభుత్వం ఇచ్చిన ఇలాంటి భూములను అమ్మడాన్నీ కొనడాన్నీ 1977 నాటి అసైన్డు భూముల చట్టం నిషేధించింది. 2023లో ఆ చట్టాన్ని సవరించి, ఇరవై ఏళ్లు దాటిన పట్టాలకు కొన్ని షరతులతో వెసులుబాటు ఇచ్చారు. ఆ వెసులుబాటు ఫలానా సర్వే నంబరుకు వర్తిస్తుందో లేదో తహసీల్దారు కార్యాలయంలో కనుక్కోనిదే నమ్మరాదు. మఠాల భూములు, దేవస్థానాల భూములు, వక్ఫ్ భూములు రిజిస్ట్రేషన్ చట్టం 22-ఎ కింద నిషేధిత జాబితాలో ఉంటాయి. ఇలాంటి స్థలాన్ని పట్టా భూమి అని నమ్మించి బయానా తీసుకుంటే అది మోసమే. వక్ఫ్ ఆస్తిని అమ్మేవారికీ కొనేవారికీ రెండేళ్ల వరకు జైలుశిక్ష పడేలా 2013లో 52-ఎ సెక్షన్‌ను చేర్చారు. ఖబ్రస్తాన్ పక్కన గోడ జరిపి రెండు అంకణాలు అమ్ముకునే ముతవల్లీ ఎవరైనా ఉంటే ఈ సంగతి ఆయన చెవిన వేయడం మంచిది.

అయితే ఇక్కడ ఒక చేదు నిజం కూడా చెప్పాలి. డీకేటీ అని కొనేవాడికీ తెలుసు, అమ్మేవాడికీ తెలుసు. తెలిసే సగం ధరకు బేరం కుదుర్చుకుని, ఎవరో ఒకరిని పట్టుకుని రిజిస్టరు చేయించుకుందామనుకుంటారు. అది కుదరనప్పుడు కొనుగోలుదారు వచ్చి, నన్ను మోసం చేశాడు అంటాడు. మోసపోవాలంటే నిజం తెలియకుండా ఉండాలి కదా! అతని సొమ్ము అతనికి తిరిగి రావడం న్యాయమే; ఆ అమ్మకమే చెల్లనప్పుడు ఆ సొమ్ము ఉంచుకోవడం జైద్‌కు ధర్మసమ్మతం కాదు. కాని తెలిసి చేసిన బేరాన్ని మోసం అని ఫిర్యాదు రాస్తే, అది అబద్ధపు సాక్ష్యం అవుతుంది.

కోర్టులు ఏమంటున్నాయి?

ఈ విషయంలో సుప్రీంకోర్టు తీర్పులు ఎన్నో ఉన్నాయి. 2000లో బీహార్ భూమి అమ్మకపు కేసులో, ఒప్పందం తప్పడానికీ మోసానికీ తేడా సన్ననిదని, అది మొదట నమ్మించిన నాటి ఉద్దేశంపై ఆధారపడి ఉంటుందని చెప్పింది. 2023 మార్చిలో పంజాబ్ కేసులో అదే మాట మళ్లీ చెప్పింది. ఆ కేసులో అగ్రిమెంటు 2013 నాటిది, ఎఫ్ఐఆర్ 2017 నాటిది. సివిల్ దావా వేయవలసిన మనిషి ఆ పని చేయకుండా, ఒకదాని తర్వాత ఒకటిగా పోలీసులకు ఫిర్యాదులు ఇచ్చాడు. మొదటి ఫిర్యాదులో స్థలం యజమానిపై ఆరోపణే లేదు. సుప్రీంకోర్టు ఆ కేసును కొట్టివేసింది.

మనకు దగ్గరలోని ఉదాహరణ తెలంగాణది. నోటిమాటగా కుదిరిన స్థలం బేరం చెడిపోయింది. కొనుగోలుదారు సివిల్ కోర్టుకు వెళ్లడంతో ఆగక క్రిమినల్ కేసు కూడా పెట్టాడు. డెబ్బై ఏళ్ల వృద్ధురాలు ఎనిమిది రోజులు జైలులో ఉండవలసి వచ్చింది. 2025 జూలైలో సుప్రీంకోర్టు ఆ ఎఫ్ఐఆర్‌ను కొట్టివేసి, ఫిర్యాదు చేసిన వ్యక్తి పది లక్షల రూపాయల ఖర్చులు చెల్లించాలని ఆదేశించింది. అదే ఏడాది ఏప్రిల్‌లో కాన్పూర్‌లోని ఒక గోదాము బేరం విషయంలో, సివిల్ తగాదాను క్రిమినల్ కేసుగా మార్చినందుకు ఉత్తరప్రదేశ్ ప్రభుత్వంపై యాభై వేల రూపాయల ఖర్చులు విధించింది.

దీన్నిబట్టి ఫిర్యాదులన్నీ కొట్టివేస్తారని ఎవరూ అనుకోకూడదు. ఒకే వ్యవహారంలో సివిల్ హక్కూ, క్రిమినల్ నేరమూ రెండూ ఉండవచ్చని అదే కోర్టు అనేకసార్లు చెప్పింది. 2009లో మరో బీహార్ కేసులో ఆసక్తికరమైన విషయం ఒకటి తేల్చింది. తనది కాని భూమిని తనదేనని చెప్పి, తన పేరుతోనే సంతకం చేసి అమ్మినవాడు దొంగ పత్రం సృష్టించినట్లు కాదు. అయితే డబ్బిచ్చిన కొనుగోలుదారు మాత్రం అతనిపై మోసం కేసు పెట్టవచ్చు. మోసపోయింది డబ్బిచ్చినవాడు కనుక ఆ ఫిర్యాదు హక్కు అతనిదే.

మరో మాట. మన ప్రాంతంలో ఫిర్యాదు రాయించేటప్పుడు 420తో పాటు 406 కూడా చేర్చమంటారు. అది నమ్మకద్రోహం, అంటే అమానత్‌లో ఖియానత్. ఇప్పుడది న్యాయ సంహిత 316వ సెక్షన్. కాని బయానా అమానత్ కాదు. అమానత్ అంటే నీ సొమ్ము నీదిగానే ఉండి నా దగ్గర భద్రంగా ఉండటం. బయానా ధరలో భాగంగా ఇచ్చినది. మద్రసాలో ఫిఖ్హ్ మొదటి ఏళ్లు చదివే పిల్లవాడికి కూడా ఈ తేడా నేర్పుతారు. ఒకే సంఘటనపై మోసమూ నమ్మకద్రోహమూ రెండూ కలిసి ఉండజాలవని 2024 ఆగస్టులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. మోసంలో ఉద్దేశం మొదటే చెడ్డది, నమ్మకద్రోహంలో అప్పగించడం సక్రమంగా జరిగి తర్వాత బుద్ధి చెడుతుంది. యజమానికి అందజేయమని మధ్యవర్తి చేతికి ఐదు లక్షలు ఇస్తే, ఆ డబ్బు అతని దగ్గర అమానతే. దాన్ని వాడుకుంటే అది ఖియానత్. స్థలాల బేరాలలో బ్రోకర్లపై కేసులు తరచుగా ఈ కోవలోకి వస్తాయి.

అగ్రిమెంటు మీద అగ్రిమెంటు

మా దృష్టిలో ఈ తగాదాలలో చాలావాటికి మూలం ఒకే అలవాటు. చేతిలో రెండు లక్షలు ఉన్నవాడు నలభై లక్షల స్థలానికి మూడు నెలల గడువుతో అగ్రిమెంటు రాయించుకుంటాడు. కొనే ఉద్దేశం అతనికి లేదు, అంత డబ్బూ లేదు. గడువులోగా నలభై ఐదు లక్షలకు కొనేవాడిని వెతికి, మధ్యలో ఐదు లక్షలు మిగుల్చుకోవాలన్నది అతని లెక్క. ఆ కొత్తవాడి దగ్గరా బయానా తీసుకుంటాడు. ధర పెరుగుతున్నంతకాలం అందరూ సంతోషంగా ఉంటారు. ధర ఆగిన రోజున యజమాని, మధ్యవాడు, కొత్తవాడు ముగ్గురూ స్టేషను మెట్లు ఎక్కుతారు.

హజ్రత్ హకీమ్ బిన్ హిజామ్ (రజి) దైవప్రవక్త (స)ను ఇలాంటి ప్రశ్నే అడిగారు. జనం వచ్చి తన దగ్గర లేని సరుకు అడుగుతున్నారు, ముందు వారికి అమ్మి తర్వాత బజారులో కొని ఇవ్వవచ్చా అని. తన వద్ద లేనిదాన్ని అమ్మవద్దని ఆయన (స) వారించారు. కొందరు సోదరులు ఇక్కడ ఒక వాదన తెస్తారు: స్థిరాస్తిని స్వాధీనం చేసుకోకముందే తిరిగి అమ్మవచ్చని ఇమామ్ అబూ హనీఫా అన్నారు కదా అని. నిజమే, కాని ఆ మాట స్వాధీనం గురించి, యాజమాన్యం గురించి కాదు. కొనుగోలు పూర్తయి, ఆస్తి తనదైన తర్వాత తాళంచెవి చేతికి రాకముందు అమ్మవచ్చని ఆయన అభిప్రాయం. వట్టి వాగ్దానపు అగ్రిమెంటుతో ఆస్తి తనది కాలేదు. తనది కానిదాన్ని అమ్మడానికి ఏ ఇమామ్ మాటా ఆసరా ఇవ్వదు. యజమాని తరఫున కొనుగోలుదారుని చూసిపెట్టి, ముందుగా చెప్పుకున్న దలాలీ తీసుకోవడానికి ఏ అభ్యంతరమూ లేదు. దాచిపెట్టి మధ్యలో మింగడమే అభ్యంతరకరం.

లేఅవుట్లు వేసి ముందస్తు బుకింగులు తీసుకునే కంపెనీల సంగతి ఇంకా పెద్దది. 2016 నాటి రెరా చట్టం ప్రకారం 500 చదరపు మీటర్లు దాటిన, లేదా ఎనిమిది కంటే ఎక్కువ యూనిట్లున్న వెంచరును రిజిస్టరు చేయకుండా ప్రకటనలు ఇవ్వరాదు, బుకింగులు తీసుకోరాదు. రాతపూర్వక అగ్రిమెంటును రిజిస్టరు చేయకుండా ధరలో పది శాతానికి మించి అడ్వాన్సు తీసుకోరాదు. మన రాష్ట్రంలో అగ్రిగోల్డ్ వ్యవహారం చాలామందికి గుర్తుండే ఉంటుంది. స్థలాలు ఇస్తామని, లేదా సొమ్ము పెంచి ఇస్తామని లక్షల కుటుంబాల నుండి డిపాజిట్లు తీసుకున్నారు. చెల్లింపులు ఆగాక అది సీఐడీ కేసు అయింది, 1999 నాటి డిపాజిటర్ల రక్షణ చట్టం కింద ఆస్తులు జప్తు అయ్యాయి. అయినా సొమ్ము మాత్రం వెంటనే రాలేదు. 2019లో పది వేల లోపు, 2021లో ఇరవై వేల లోపు డిపాజిటర్లకు ప్రభుత్వం చెల్లించింది. క్రిమినల్ కేసు పెడితే డబ్బు వచ్చేస్తుందనుకునేవారు ఈ ఏళ్ల లెక్క ఒకసారి చూసుకోవాలి.

అబద్ధపు ఫిర్యాదు

మన మధ్య ఇప్పుడు ఒక మాట చలామణీలో ఉంది: "సివిల్ దావా వేస్తే పదేళ్లు. కేసు పెట్టి ఒక రాత్రి స్టేషనులో కూర్చోబెడితే తెల్లారేసరికి డబ్బు వస్తుంది." ఈ మాట చెప్పేవారిలో ఐదు పూటలా నమాజు చేసేవారూ ఉన్నారు. జైద్‌కు మొదట్లో మోసం చేసే ఉద్దేశం లేదని బకర్‌కు తెలుసు. అయినా ఫిర్యాదులో మొదటి నుండీ మోసగించే ఉద్దేశంతోనే అని రాయిస్తాడు. ఆ వాక్యం లేకపోతే కేసు నిలవదని ఎవరో చెప్పి ఉంటారు. ఆ ఒక్క వాక్యమే అబద్ధ సాక్ష్యం.

సూరహ్ బఖరహ్ 188వ ఆయతులో అల్లాహ్ పరస్పరం ఒకరి సొమ్ము ఒకరు అధర్మంగా తినడాన్నీ, తెలిసి తెలిసి ఇతరుల సొమ్ములో కొంత కాజేయడానికి దాన్ని అధికారుల దగ్గరకు చేరవేయడాన్నీ నిషేధించాడు. హజ్రత్ ఉమ్మె సలమా (రజి) ఉల్లేఖించిన హదీసు భావం మరింత భయం కలిగించేది: తగాదాలో ఒకరు మరొకరి కంటే మాటకారి కావచ్చు, విన్నదాన్ని బట్టి నేను తీర్పు చెబుతాను, అలా ఎవరికైనా సోదరుని హక్కు ఇచ్చేస్తే నేనతనికి ఇచ్చేది నిప్పు ముక్కేనని దైవప్రవక్త (స) హెచ్చరించారు. దైవప్రవక్త (స) తీర్పుతో వచ్చినా హరామ్ హలాల్ కాదంటే, స్టేషనులో ఒత్తిడితో వచ్చింది ఎలా హలాల్ అవుతుంది? హజ్రత్ సయీద్ బిన్ జైద్ (రజి)పై అర్వా అనే స్త్రీ, తన భూమి ఆక్రమించారని మదీనా గవర్నరు మర్వాన్ దగ్గర అబద్ధపు ఫిర్యాదు చేసిన ఉదంతం ముస్లిం గ్రంథంలో ఉంది. జానెడు నేల అన్యాయంగా తీసుకున్నవాని మెడకు ఏడు భూముల బరువు చుట్టబడుతుందన్న హదీసును ఆయన ఆ సందర్భంలోనే వినిపించారు. ఆమె అంధురాలై, తన స్థలంలోనే గోతిలో పడి మరణించింది.

దీని అర్థం బకర్ నోరు మూసుకుని కూర్చోవాలని కాదు. స్తోమత ఉండీ ఇవ్వకుండా తిప్పేవాని విషయంలో షరీఅత్ మెత్తగా లేదు. అలాంటివాని పరువూ శిక్షా రెండూ ధర్మసమ్మతమవుతాయని అబూ దావూద్‌లో హదీసు ఉంది. అతనితో కఠినంగా మాట్లాడవచ్చు, అతన్ని నిర్బంధించవచ్చు అని అబ్దుల్లాహ్ ఇబ్ను ముబారక్ దాన్ని వివరించారు. ఇవ్వలేని స్థితిలో ఉన్నవానికి మాత్రం, వెసులుబాటు కలిగేదాకా గడువివ్వాలన్నది బఖరహ్ 280వ ఆయతు. జైద్ ఈ రెంటిలో ఎవరో అతని ఇంటిని, బండిని, ఖర్చులను చూస్తే మొహల్లాలో అందరికీ తెలిసిపోతుంది.

బయానా ఎవరిది?

బేరం చెడినప్పుడు బయానా ఉంచేసుకోవచ్చా? మువత్తా, అబూ దావూద్‌లలో వచ్చిన ఉల్లేఖనం ప్రకారం దైవప్రవక్త (స) బయానా అమ్మకాన్ని, అంటే 'బై ఉల్ అర్బూన్'ను నిషేధించారు. హనఫీ, మాలికీ, షాఫియీ ఉలమాలు దీన్నే తీసుకుని, కొనుగోలుదారు వెనక్కి తగ్గినా బయానా తిరిగి ఇచ్చేయాలన్నారు. ఇమామ్ అహ్మద్ బిన్ హంబల్ మాత్రం ఆ ఉల్లేఖన పరంపర బలహీనమని చెప్పి, అనుమతించారు. ఆయనకు ఆధారం ఒక ఇంటి బేరమే. హజ్రత్ ఉమర్ (రజి) కాలంలో మక్కాలో జైలు కోసం నాఫే బిన్ అబ్దుల్ హారిస్ (రజి), సఫ్వాన్ బిన్ ఉమయ్యా (రజి) నుండి ఇల్లు కొన్నారు. ఖలీఫా ఒప్పుకుంటే సరే, లేకపోతే సఫ్వాన్‌కు నాలుగు వందలు అని షరతు. 1993లో జిద్దా ఇస్లామిక్ ఫిఖ్హ్ అకాడమీ, గడువు స్పష్టంగా నిర్ణయించి ఉంటే ఈ రెండో అభిప్రాయాన్ని అనుసరించవచ్చని తీర్మానించింది. మన ప్రాంతపు ముఫ్తీలు సాధారణంగా హనఫీ అభిప్రాయం ప్రకారమే ఫత్వా ఇస్తారు. మేమూ తిరిగి ఇచ్చేయమనే చెబుతాము. అగ్రిమెంట్లలో కనిపించే మరో షరతు, అమ్మేవాడు తప్పితే బయానాకు రెట్టింపు ఇవ్వాలన్నది. ఇచ్చినదానికంటే ఎక్కువ రాబట్టే ఈ షరతును మేము ఏ అగ్రిమెంటులోనూ ఒప్పుకోము.

చట్టం దృష్టి కొంచెం వేరు. ఒప్పందం నిలబెట్టడానికి హామీగా ఇచ్చిన బయానా, కొనుగోలుదారు తప్పితే పోవచ్చు. ధరలో భాగంగా ఇచ్చిన అడ్వాన్సు అలా పోదని సుప్రీంకోర్టు 2012లో చెప్పింది. అమ్మేవాడు తప్పితే బకర్‌కు రెండు దారులున్నాయి. స్థలమే రాసివ్వాలని దావా వేయవచ్చు. అప్పుడు మిగతా సొమ్ముతో తాను సిద్ధంగా ఉన్నానని చూపగలగాలి. లేదా సొమ్ము తిరిగి అడగవచ్చు. ఆ సొమ్ముకు ఆ స్థలమే హామీగా నిలుస్తుంది. ఒకే దావాలో రెండూ ప్రత్యామ్నాయాలుగా అడగడం మేలు. అడగని సొమ్మును కోర్టు ఇప్పించదు. దావా వేసే గడువు మూడేళ్లు. అగ్రిమెంటులో తేదీ రాసి ఉంటే ఆ తేదీ నుండి, లేకపోతే ఇవ్వనని జైద్ చెప్పినట్లు తెలిసిన నాటి నుండి లెక్క. "అన్నా, వచ్చే నెల" అన్న మాటలు వింటూ ఈ మూడేళ్లు దాటబెట్టుకున్నవారే చివరికి 420 వైపు చూస్తారు. మన రాష్ట్రంలో 1999 ఏప్రిల్ నుండి అమ్మకపు అగ్రిమెంటు కూడా తప్పనిసరిగా రిజిస్టరు చేయవలసిన పత్రమే. చేయకపోయినా స్థలం రాసివ్వాలనే దావాలో సాక్ష్యంగా పనికొస్తుంది, కాని రిజిస్టరు చేసి ఉంటే ఈసీలో కనిపించి రెండో బయానా తీసుకోవడమే కష్టమయ్యేది.

జైద్ సొమ్ము తిరిగి ఇస్తూ చెక్కు ఇచ్చి, అది బ్యాంకులో చెల్లకపోతే అది వేరే నేరం. అక్కడ మొదటి నాటి సంకల్పం నిరూపించనక్కరలేదు. బ్యాంకు కబురు అందిన 30 రోజుల్లో నోటీసు ఇవ్వాలి, నోటీసు అందాక జైద్‌కు 15 రోజుల గడువు ఉంటుంది, ఆ తర్వాత నెలలోగా కోర్టులో ఫిర్యాదు వేయాలి. ఈ తేదీలు తప్పితే హక్కు పోయే ప్రమాదం ఉంది కనుక చెక్కు చేతికి వచ్చిన రోజే వకీలును కలవాలి.

జమాఅత్ పెద్దలు, మస్జిద్ కమిటీలు ఇలాంటి తగాదాలలో రాజీ చేయడం పుణ్యకార్యమే. కాని నోటిమాటగా ముగించవద్దు. ఎంత సొమ్ము, ఎన్ని వాయిదాలు, ఏ తేదీలు, పాత అగ్రిమెంటు కాగితం ఎవరికి ఎప్పుడు తిరిగి ఇవ్వాలి అన్నది రాసి, ఇరువైపులా సంతకాలు, ఇద్దరు సాక్షుల సంతకాలు తీసుకోవాలి. బఖరహ్ 282వ ఆయతు అప్పుల విషయంలో నేర్పిన పద్ధతి ఇదే. అప్పటికే మోసం కేసు నడుస్తుంటే, మోసపోయిన వ్యక్తి కోర్టు అనుమతితో రాజీ పడవచ్చు. బయట కాగితం రాసుకుని కోర్టుకు చెప్పకుండా వదిలేస్తే కేసు అలాగే ఉండి, ఏళ్ల తర్వాత వారెంటు వస్తుంది. రిజిస్టరైన అగ్రిమెంటు అయితే రద్దు పత్రం కూడా రిజిస్టరు చేయించుకోవాలి.

ఇంతలో జైద్ చనిపోతే? బయానా తీరిపోదు. అది అతనిపై అప్పు. సూరహ్ నిసా 11, 12 ఆయతుల ప్రకారం అప్పులు తీర్చాకే వారసుల వాటాలు. కాబట్టి అతని పిల్లలు ఆ స్థలాన్ని పంచుకునే ముందు బకర్ సొమ్ము పక్కన పెట్టాలి, లేదా తండ్రి మాట ప్రకారం మిగతా ధర తీసుకుని స్థలం రాసివ్వాలి. చట్టం ప్రకారం కూడా ఆ అగ్రిమెంటు వారసులపై అమలవుతుంది. తండ్రి బయానా తీసుకున్నట్లు తమకు తెలియదని వారు అంటే, రుజువు చూపే భారం బకర్‌దే. అందుకే ఇచ్చిన ప్రతి రూపాయికీ తేదీతో రసీదు తీసుకోవాలని, వీలైతే బ్యాంకు ద్వారానే ఇవ్వాలని మేము అడిగిన ప్రతివారికీ చెబుతున్నాము.